మడి చీర కింద

ఆ కబురు నాకు మొదట తెచ్చింది మా బట్టలుతికే అవ్వ.

ఉప్పల్‌లో మా పుట్టింటి బట్టలు నేను పుట్టకముందు నుంచీ ఆమే ఉతికేది. నేను పెళ్లయి నాచారం వచ్చాక, ఎలాగూ చెరువుకు వచ్చే దారే కదా అని మా అత్తవారింటి మూట కూడా తనే ఎత్తుకుంది. పుట్టింటి సంగతులు నాకూ, నా సంగతులు పుట్టింటికీ ఆ మూటలతో పాటే చేరేవి. ఆ పొద్దున మూట అరుగు మీద దించి, కొంగుతో మెడ తుడుచుకుని, నోరంతా తెరిచి నవ్వింది.

"నీ చెల్లె పెండ్లి ఖాయమైంది బిడ్డా. మాఘమాసంల ముహూర్తమట. మీ నాయినకు జత లేకపాయె గదా, పీటల మీద నువ్వు, మీ ఇంటాయన కూసోవాలె. కన్యాదానం మీ చేతులతోనే."

"మంచిది అవ్వా" అన్నాను. అంటుండగానే లోపల లంగా వెచ్చగా తడిసింది. దగ్గలేదు, తుమ్మలేదు, బిందె ఎత్తలేదు. ఒట్టి భయానికే.

"ఏందే, సంబురం లేదా? మొకం గట్ల పెట్టినవ్?"

"మడి కట్టుకోవాలి అవ్వా, పొద్దెక్కింది" అని లోపలికి వెళ్లిపోయాను.

మడి అన్న ఆ మాట నాకు అప్పటికి మూడేళ్లుగా అక్కరకొస్తోంది. అదెందుకో చెప్పాలంటే నా కాన్పు దగ్గర మొదలుపెట్టాలి.

మా వాడు పుట్టడానికి రెండు రాత్రులు, ఒక పగలు నొప్పులు పడ్డాను. తల్లీబిడ్డా బతికి బయటపడటమే గొప్ప అన్నారు అందరూ. నిజమే, ఆ మేలు ఇప్పటికీ మరిచిపోలేదు. కానీ పురుటి స్నానం చేసి లేచిన నాటి నుంచి ఒంట్లో ఏదో వదులైపోయింది. మూత్రం నా మాట వినడం మానేసింది. తుమ్మితే, నవ్వితే, బరువెత్తితే, పిల్లాణ్ణి చంకలో వేసుకుని గబుక్కున లేస్తే, చెప్పా పెట్టకుండా వచ్చేసేది. పచ్చి ఒళ్లు కదా, నెల గడిస్తే సర్దుకుంటుందనుకున్నాను. నెల పోయి ఏడాదైంది.

మొదట బయటపడింది మా గల్లీ బోరింగు దగ్గర. ఎవరో ఏదో హాస్యమాడితే అందరం విరగబడి నవ్వాం. నా నవ్వు సగంలోనే ఆగిపోయింది. కాలి వెంట ధార పాదం దాకా వచ్చింది. బోరింగు చుట్టూ ఎప్పుడూ తడే కాబట్టి ఎవరూ చూడలేదు. దేవుడు అక్కడ నన్ను కాచాడు.

రెండోసారి బస్సులో. ఉప్పల్ పోతున్నాను, ఒళ్లో పిల్లాడు. గుంతలో చక్రం పడి బస్సు ఎగిరింది. దిగాల్సిన చోటు ఇంకా దూరమే, కానీ సీటు తడిసిపోయింది. లేవాలా, కూర్చోవాలా? లేస్తే నా వెనక చీర కనిపిస్తుంది, కూర్చుంటే దిగాల్సిన చోటు రానే వస్తుంది. పిల్లాణ్ణి నడుం వెనక్కి జరిపి ఎత్తుకుని, వాడి కాళ్లు చీర మీద వేలాడేట్టు పట్టుకుని, వచ్చిన స్టాపులోనే దిగేశాను. దిగుతుంటే వెనక నుంచి ఒకామె గొంతు. "పిల్లగాడు పోసిండు గావచ్చు, సీటంత నానింది. తల్లికి జర సోయి ఉండద్దా?" ఏడాది నిండని పసివాడి మీదకు నా తప్పు తోసి, ఎండలో నడిచి వెళ్లాను. ఆ తర్వాత చాలా రోజులు నేను బస్సెక్కలేదు.

మరి ఇంట్లో? పొద్దున ఒకసారి, మధ్యాహ్నం ఒకసారి, దీపాల వేళ ఒకసారి లంగా మార్చాలి. పాత నూలు చీరలు చింపి, మడతలు పెట్టి లోపల కట్టుకునేదాన్ని. వాటిని ఉతకాలి, ఆరేయాలి. మాది రెండు గదుల ఇల్లు. అత్తమ్మ, మా ఇంటాయన, నేను, పిల్లాడు. దండెం మీద ఏ గుడ్డ ఆరుతోందో అత్తమ్మకు తెలియకుండా ఉండదు.

అప్పుడు నాకు మడి తట్టింది.

మా ఇళ్లల్లో మడి పట్టింపు అంతగా లేదు. పూజకు స్నానం, పండుగకు ఉతికిన చీర, అంతే. నేను మాత్రం ఒక మొక్కు ఉందని చెప్పి మొదలుపెట్టాను. దినానికి మూడు స్నానాలు, తడి చీర, చూరు కింద ఎత్తుగా కట్టిన వేరే వెదురు వాసం. మడి చీరను ఇంకొకరు ముట్టకూడదు కదా. ఆ చీర కింద నా గుడ్డలు ఆరేవి. ఎవరూ చెయ్యి పెట్టని చోటు ఇంట్లో అదొక్కటే. నీళ్లు తక్కువ తాగితే తక్కువ వస్తుందని సోమవారం, గురువారం, శనివారం ఒంటిపూటలు పెట్టాను.

నేను బడికి పోలేదు. మా నాయిన పొలం నుంచి వచ్చి, చేతులు కడుక్కుని, నన్ను ముందు కూర్చోబెట్టుకుని అక్షరాలు దిద్దించాడు, పురాణాలు చదివించాడు. అబద్ధమాడితే చదివిన అక్షరం నిలవదనేవాడు. ఆ చదువు చదివిన నేను దేవుడి పేరు మీద అబద్ధం ఆరేశాను.

అత్తమ్మ గల్లీ అంతా చాటింది. "మా కోడలు దినాం మూడు తానాలు జేస్తది. ఈ కాలపు పిల్లలల్ల గసొంటి భక్తి ఏడున్నది!" అంటూ అంటూనే ఆమెకు దగ్గొచ్చేది. దగ్గొస్తే తలుపు చెక్క పట్టుకుని, అది తగ్గేదాకా కదలకుండా నిలబడటం ఆమె అలవాటు.

పక్కింట్లో రైల్వే ఉద్యోగి భార్య, కోస్తా నుంచి వచ్చినావిడ ఉండేది. ఆవిడైతే ఇంకా నమ్మింది. "మీ ఇంటికి రావాలంటేనే భయమండి, ఎక్కడ మైలపరుస్తామో అని" అనేది. శ్రావణమాసంలో నన్ను పీట మీద కూర్చోబెట్టి, కాళ్లకు పసుపు రాసి, వంగి దణ్ణం పెట్టింది. ఆవిడ తల నా మోకాళ్ల దగ్గర ఉంది. లోపల గుడ్డ తడుస్తోంది. వాసన వస్తుందేమోనని ఊపిరి బిగబట్టాను, నేను ఊపిరి ఆపితే ఆవిడకు వాసన రాదన్నట్టు.

మా ఇంటాయన నాచారం కార్ఖానాలో పని. షిఫ్టు దిగి వచ్చి నా పక్కన కూర్చోబోతే "మడి" అనేదాన్ని. చెయ్యి పడితే "మడి". కొన్నాళ్లకు ఆయన తన చాప అరుగు మీద వేసుకోవడం మొదలుపెట్టాడు. నేను ఊపిరి పీల్చుకున్నాను. దీపం పెట్టినప్పుడల్లా దేవుణ్ణి వేడుకునేదాన్ని. నయం చెయ్యమని కాదు, బయటపడనీయకు స్వామీ అని.

ఇలాంటి నేను చెల్లి పెళ్లిలో మూడు గంటలు పీట మీద కూర్చోవాలి, అందరి ముందు, మొగుడి కండువాతో కొంగు ముడేసుకుని. మధ్యలో లేవడానికి లేదు. పరువు పోతుందన్న భయం ఒకటైతే, దానికంటే పెద్దది ఇంకొకటి ఉంది. ఇలాంటి ఒంటితో కన్యాదానం చేస్తే ఆ దోషం దానికి తగలదా? అమ్మ పోయినప్పుడు చెల్లికి ఆరేళ్లు. జడ వేసింది నేను, అన్నం పెట్టింది నేను. దాని కాపురం మీద నా మైల పడితే?

తప్పించుకుందామని ఉప్పల్ నడిచి వెళ్లాను. నాయిన వాకిట్లో కందులు ఆరబోస్తున్నాడు.

"చిన్నాయినను, చిన్నమ్మను కూసోబెట్టు నాయినా. పెద్దోళ్లు గదా."

"ఎందుకు? నీకేమైంది?"

"ఏం గాలేదు. పిల్లగాడు చిన్నోడు, ఏడిస్తే..."

"పిల్లగాన్ని పట్టుకోనికి ఇంత మందిమి లేమా?" నాయిన లేచి లోపలికి పోయి ఒక పొట్లం తెచ్చాడు. "మీ అమ్మ పోయేటప్పుడు ఏమన్నదో యాదికున్నదా? చిన్నదాన్ని పెద్దదాని చేతుల పెడుతున్న అన్నది. దాని చెయ్యి నువ్వే పట్టాలె, నువ్వే ఇయ్యాలె. ఇగో, కన్యాదానం చీర. మీ అమ్మకు పానమైన రంగు."

విప్పి చూశాను. లేత పసుపు పట్టు. చుక్క నీళ్లు పడినా నల్లగా కనిపించే రంగు. చీర కళ్లకద్దుకున్నాను. నాయిన నేను అమ్మను తలుచుకుని ఏడుస్తున్నాననుకున్నాడు.

అప్పటి నుంచి ఇంట్లో పీట వేసుకుని కూర్చోవడం సాధన చేశాను. జపం చేస్తున్నానని అత్తమ్మకు చెప్పాను. ఎదురుగా గోడ గడియారం. మొదటి రోజు ముప్పావు గంట, తర్వాత గంట. గంట దాటితే చాలు, కింద పొట్టలో సన్నటి పోటు మొదలై, చెమటలు పట్టి, తడిసేది. మూడు గంటలు నా వల్ల కాదు. ఇక పెళ్లి వారం ముందు నుంచి నీళ్లు దాదాపు మానేశాను. పెదాలు పగిలాయి. నిలబడితే కళ్లు తిరిగేవి. చెల్లి పెళ్లి కోసం కోడలు కటిక ఉపవాసాలు చేస్తోందని అత్తమ్మ గల్లీలో కళ్లొత్తుకుందట.

పెళ్లికి మూడు రోజులుందనగా అవ్వ వచ్చింది. ఇంట్లో నేనొక్కదాన్నే ఉన్నాను. అత్తమ్మ పిల్లాణ్ణి తీసుకుని పక్కింటికి పోయింది. అవ్వ మూట కట్టలేదు. గడప మీద కూర్చుంది.

"కూసో."

"మడిలో ఉన్నాను అవ్వా."

"ఉండు. నేను ముట్టుకోనులే. నీకు పెండ్లిల మీ నాయిన ఆరు లంగలు కుట్టిచ్చిండు. జీడిగింజ రసం తోని చాకలి గుర్తు పెట్టిన, నాకెర్కే. మూడేండ్ల సంది ఒక్క లంగ నా మూటల రాలె. చీరెలొస్తున్నయి, రైకలొస్తున్నయి. లంగలేడవోయినయి బిడ్డా?"

నా చూపు చూరు కింది మడి చీర మీదకు పోయింది.

"చింపుకున్న అందువా? చింపినా పీలిక రావాలె గదా." గొంతు బాగా తగ్గించింది. "ఒంటికి ఆగుతలేదా?"

మూడేళ్లలో ఆ ప్రశ్న నన్ను అడిగిన మొదటి మనిషి ఆమె. నాకు ఏడుపు రాలేదు. ఏడ్చినా తడుస్తుందని ఏడుపు కూడా బిగబట్టడం నేర్చుకున్నాను.

"కాన్పు సంది" అన్నాను చివరికి.

"నాకు గట్లనే అనిపిచ్చింది. ఈ నాచారంల నేనుతికే ఇండ్లల్లనే నీ అసొంటోళ్లు ఐదుగురున్నరు."

తలెత్తి చూశాను. "ఎవరు?"

"పేర్లు జెప్త అనుకున్నవా? నీ పేరు వాళ్లకు జెప్పాల్నా మరి?" అవ్వ కళ్లు చిట్లించింది. "గుడ్డలు నాతోని మాట్లాడ్తయి గని నేను ఊర్లె మాట్లాడ. పుట్టింది సంది గదే పని."

ఐదుగురు. నేను రోజూ బోరింగు దగ్గర నిలబడే మనుషుల్లోనే. నా ఒక్కదానికే దేవుడు వేసిన శిక్ష అనుకున్నాను ఇన్నాళ్లూ.

"అవ్వా, నాకు వేరే భయం. ఈ ఒళ్లు మైల. ఈ చేతులతో ధార పోస్తే చెల్లికి మంచిది కాదేమో."

అవ్వకు కోపం వచ్చింది. నిజంగానే వచ్చింది. "ఓహో. మైల సంగతి నాకు జెప్పొచ్చినవా? పురిటి గుడ్డలు, సావు గుడ్డలు, మీ అందరి ముట్టు గుడ్డలు ఉతికినయి ఈ చేతులు. మీ అమ్మ పెండ్లిల పీట మీద బట్ట పరిసింది ఈ చేతులే. నీ పెండ్లిల పరిసింది ఈ చేతులే. మైలయితే నీ కాపురం పాడైందా? చెప్పు!"

నా కాపురం అప్పుడు సగం అరుగు మీద ఉంది మరి. కానీ అది ఆమె చేతుల వల్ల కాదు.

"ముందుగాల నీళ్లు తాగు. పెదవులు సూడు, బీటలువడ్డ చెల్క పొలం లెక్క. నీళ్లు తాగకుంటె మంట లేసి ఇంక తొందర వెడ్తది, ఎర్కేనా? పెండ్లి నాడు పొద్దుగాల తాగు, పీటలెక్కే ముందు పోయి రా. పీట బట్ట నేను మందంగ వేస్త. లేసేటప్పుడు మాత్రం నన్ను జూసి లెవ్వు. నేను రాకముందు లేస్తివా, ఇగ నాకు తెల్వదు."

మా వైపు పెళ్లిళ్లలో పీటల మీద ఉతికిన తెల్ల బట్ట మడతలు పెట్టి పరిచేది చాకలే. పెళ్లయ్యాక ఆ బట్ట కూడా చాకలిదే. ఎప్పటి నుంచో ఉన్న మర్యాద అది. నేను వందసార్లు చూసి ఉంటాను, ఎన్నడూ పట్టించుకోలేదు.

పెళ్లి ఉప్పల్‌లో, నాయిన ఇంటి ముందు పందిట్లో. పొద్దున తొమ్మిదింటికి పీటలెక్కాం. నా పీట మీద బట్ట ఎనిమిది మడతలేసి ఉంది. దాని కింద ఇంకేదో మెత్తగా తగిలింది. పందిరి గుంజకు ఆనుకుని అవ్వ నిలబడి ఉంది, భుజాన ఉతికిన తెల్ల దుప్పటితో. పెళ్లికూతురు నడిచి వచ్చే దారిలో పరిచే బట్ట అది.

అయ్యగారు మా కొంగులు ముడేశారు. "తలంబ్రాలయ్యేదాకా ఈ ముడి విప్పరాదు" అన్నారు.

మొదటి గంట బాగానే గడిచింది. గణపతి పూజ, పుణ్యాహవాచనం. నేను మంత్రాలు వినడం లేదు, నా పొట్టను వింటున్నాను. రెండో గంట సగంలో పోటు మొదలైంది. మోకాళ్లు దగ్గరికి బిగించాను. వెనక వరసలో మేనత్తలు గుసగుసలాడుతున్నారు. "సూడు, ఎంత కదలకుంట కూసున్నది. తపస్సు జేసినట్టు." ఇంకొకామె అంది, "నా బిడ్డెకు చెప్తే నిమిషం ఆగదు, తోకకు నిప్పంటుకున్నట్టు." నవ్వులు. నేను నవ్వలేను. నవ్వితే అయిపోతుంది.

పెళ్లికొడుకు వచ్చి ఎదురుగా కూర్చున్నాడు. అతని కాళ్ల కింద ఇత్తడి పళ్లెం పెట్టారు. మా ఇంటాయన అతని కాళ్లు కడగాలి, నేను చెంబుతో నీళ్లు పోయాలి. గంటలు లెక్కపెట్టుకున్నాను, చీర రంగు చూసుకున్నాను, నీళ్లు ఎన్ని గుటకలు తాగాలో కూడా లెక్కవేసుకున్నాను. ఈ చెంబు సంగతి మాత్రం నాకు తట్టలేదు.

"సన్నగా పొయ్యమ్మా. ధార తెగొద్దు" అన్నారు అయ్యగారు.

వంచాను. నీళ్లు ఇత్తడి మీద పడి చప్పుడు చేశాయి. ఆ చప్పుడు నేరుగా నా పొత్తికడుపులోకి దిగింది. పళ్లు బిగించాను. మా ఇంటాయన ఒక పాదం కడిగాడు, రెండో పాదం పట్టాడు. చెంబులో ఇంకా సగం నీళ్లున్నాయి. నా చూపు అవ్వ కోసం వెతికింది. గుంజ దగ్గర లేదు, చెల్లి నడిచి వచ్చే దారిలో బట్ట పరచడానికి పోయినట్టుంది. ధార తెగొద్దు, ధార తెగొద్దు అనుకుంటూ చేతిని కదలనివ్వలేదు. నా ఒంట్లో ఉన్న బలమంతా ఆ మణికట్టులోకి పోయింది. కింద పట్టుకోవడానికి ఏమీ మిగల్లేదు.

వచ్చేసింది. ఆపడం కుదరలేదు. మూడేళ్లలో అంత ఎప్పుడూ రాలేదు. వెచ్చగా, ఆగకుండా, మంత్రం నడుస్తున్నంతసేపూ. నేను నీళ్లు పోస్తూనే ఉన్నాను. చెల్లిని తెచ్చి కూర్చోబెట్టాక, దాని అరచెయ్యి పట్టుకుని పెళ్లికొడుకు చేతిలో పెట్టినప్పుడు కూడా నా వేళ్లు వణకలేదని తర్వాత అందరూ మెచ్చుకున్నారు.

"ఇక మీరు లేచి పక్కకు రండి" అన్నారు అయ్యగారు.

నేను లేవలేదు. మా ఇంటాయన సగం లేచి, కండువా లాగితే ఆగి, "లెవ్వు" అన్నాడు నెమ్మదిగా. లేవలేదు. వెనక మేనత్త అంది, "పాపం, ఉపాసాలతోని సత్తువ లేదు. ఎవరన్న చెయ్యి ఇయ్యిన్రి." ఇద్దరు ముందుకు వచ్చారు. పీట అంచు రెండు చేతులా పట్టుకున్నాను.

"ఆగున్రి! ఎవ్వరు ముట్టద్దు!"

అవ్వ, దారిలో పరిచిన దుప్పటి చుట్టి భుజాన వేసుకుని, పందిట్లోకి తోసుకుని వచ్చింది. నా వెనక నిలబడి నడుం మీద చెయ్యి పెట్టుకుంది. "పీట బట్ట చాకలిది. నా బట్ట నేను దీసుకునేదాక ఎవ్వరు అడుగు వెట్టద్దు."

"ఏందవ్వా, పెండ్లి కానే లేదు, గిప్పుడే తొందరనా?" ఎవరో మామ నవ్వాడు.

"తొందరే. మీ ఇంట్ల నీ పెండ్లప్పుడు గిట్లనే ఊకున్న, బట్ట మాయమైంది. మీ అమ్మ దిండుకు గలీబు కుట్టుకున్నది. యాదికి లేదనుకున్నవా?"

పందిరంతా నవ్వులు. ఆ మామ మొహం ఎర్రబడింది. "మా అమ్మ పోయి పదేండ్లాయెనే" అంటున్నాడు. అందరూ అటు చూస్తుంటే, అవ్వ భుజం మీది తెల్ల దుప్పటి విప్పి నా వెనక నుంచి కప్పి, చంకల కింద నుంచి ముందుకు తెచ్చి, నన్ను లేపింది. ఒక చేత్తో పీట బట్ట మొత్తం చుట్టి చంకలో పెట్టుకుంది. "నడువు. జర నీరసం వచ్చింది పిల్లకు, నీళ్లు దాపిచ్చి తోల్కొస్త."

మేం ఇంట్లోకి నడిచాం. మేం అంటే ముగ్గురం. కొంగుముడి ఉంది కదా, మా ఇంటాయన కూడా వెనకే వచ్చాడు.

ధాన్యం గదిలోకి పోయి అవ్వ తలుపు వేసింది. దుప్పటి తీసింది. లేత పసుపు చీర వెనక భాగమంతా తడికి రంగు ముదిరిపోయి ఉంది. ఆయన కండువా అంచు కూడా తడిసింది. ఆయన దాన్ని చూశాడు, నన్ను చూశాడు.

నేను ముడి విప్పబోయాను. అవ్వ నా చెయ్యి మీద కొట్టింది. "ముడి ఇప్పద్దు. అయ్యగారు ఏమన్నడు? కొడుకా, నువ్వు గోడ దిక్కు తిరిగి నిలబడు."

ఆయన గోడ వైపు తిరిగాడు. చీర ముందుకొంగు మాత్రం ముడిలో ఉంచి, మిగతాదంతా అవ్వ నా నడుం చుట్టూ తిప్పి విప్పింది. పొడి లంగా తెచ్చిపెట్టింది ముందే. జీడి గుర్తున్నది, నాదే. ఎక్కడిదని తర్వాత అడిగితే, మూడేళ్ల కింద చెరువు గట్టున తారుమారై తన దగ్గర మిగిలిపోయిందని చెప్పింది. తడి భాగం లోపలికి పోయేట్టు చీర తిరగేసి కట్టింది.

గోడ వైపు నుంచే ఆయన అడిగాడు. "ఎన్నాళ్ల సంది?"

"పిల్లగాడు పుట్టింది సంది."

ఆయన కండువా తడి అంచును వేళ్లతో తడిమాడు. బయట మేళం గట్టిగా వాయిస్తున్నారు. "మరి మడి మడి అన్నది గిందుకా?"

"అవును."

"నేను..." అని ఆగాడు. గోడకు చెప్పినట్టు చెప్పాడు. "నేనంటేనే నీకు మైల అనిపిస్తున్నదేమో అనుకున్న."

అవ్వ చేతులు కూడా ఒక్క క్షణం ఆగాయి. నేను బయటపడకూడదని మూడేళ్లు మొక్కుకుంటూ ఈ మనిషిని ఎక్కడ నిలబెట్టానో అప్పుడు తెలిసింది. నేను ఏడ్చాను. ఈసారి బిగబట్టుకోలేదు.

"ఏడ్సుడు తర్వాత" అంది అవ్వ. "తాళి కట్టేటందుకు టైమైతున్నది. నడువున్రి."

ఆయన తడిసిన కండువా అంచును తన పిడికిట్లో దాచుకుని, నాకు ఆనుకుని పందిట్లోకి నడిచాడు. తలంబ్రాల దాకా ఆ పిడికిలి విప్పలేదు.

పెళ్లయిన వారానికి అవ్వ చెప్పిన దవాఖానాకు ఆయనే నన్ను తీసుకుపోయాడు. అక్కడి డాక్టరమ్మ ఆశ్చర్యపోలేదు, తిట్టలేదు. బిగబట్టి వదిలే ఒక అభ్యాసం రోజూ చెయ్యమంది. కొన్నేళ్లకు చిన్న ఆపరేషన్ కూడా అయింది. పూర్తిగా పోయిందనను, ముప్పాతిక వంతు పోయింది. దండెం మీద నా గుడ్డలు ఎండలోనే ఆరాయి.

"ఏందమ్మా, మడి బంద్ వెట్టినవా?" అని అత్తమ్మ అడిగింది. ఇక అబద్ధం ఎందుకని ఉన్నది చెప్పాను. ఆమె వచ్చి నా పక్కన కూర్చుంది. తర్వాత అంది, "నేను దగ్గొస్తే తలుపు చెక్క ఎందుకు పట్టుకుంటనో ఎర్కనా నీకు?" మర్నాడు ఆమెను కూడా అదే డాక్టరమ్మ దగ్గరికి తీసుకుపోయాను.

చెల్లి ఇప్పుడు పీర్జాదిగూడలో ఉంటుంది. కాపురం చల్లగా ఉంది, స్వామి దయ. ఒకసారి ధైర్యం చేసి ఆ రోజు సంగతి చెప్పాను. "నిజంగనా అక్కా? నాకు మస్తు ఆకలైతుండె. నువ్వు ఎప్పుడు లేస్తవా, ఎప్పుడు బువ్వ వెడ్తరా అని సూసిన" అంది.

తొంభైలు వచ్చేసరికి చెరువు నీళ్లు ఉతకడానికి పనికిరాకుండా పోయాయి. ఇళ్లల్లో మిషన్లు వచ్చాయి. అవ్వ తన పాత ఇళ్లకు మాత్రం ఊరికే వచ్చిపోయేది, మూట లేకుండా, గడప మీద కాసేపు కూర్చుని. ఆ ఐదుగురు ఎవరని నేను ఎన్నోసార్లు అడిగాను. "నీకు పనిలేదా?" అనేది.

ఆమె పోయినప్పుడు దశదినానికి వెళ్లాను. నాచారం నుంచి చాలామంది ఆడవాళ్లు వచ్చారు. బోరింగు దగ్గర నిలబడ్డవాళ్లు, నా ఎదురింటివాళ్లు. మా పక్కింటి రైల్వే ఆవిడ వచ్చి నా పక్కనే కూర్చుంది. నన్ను చూసి తల దించుకుంది. నేనూ దించుకున్నాను. ఏమీ అడగలేదు, ఎవరినీ లెక్కపెట్టలేదు. అవ్వ చెప్పనిది నేను తెలుసుకోకూడదనిపించింది.

ఆమె పేరు ఇక్కడ రాయాలని కలం పెట్టి ఆగాను. మా పేర్లు దాచిన మనిషి, తన పేరు బజారున పెడితే ఇష్టపడుతుందో లేదో. పేరు లేకపోయినా దేవుడికి తెలుస్తుంది. ఇది చదివినవాళ్లు రేపు పొద్దున దీపం పెట్టేటప్పుడు, లేదా దండెం మీద ఉతికిన గుడ్డ ఆరేసేటప్పుడు, ఉప్పల్ నుంచి నాచారం చెరువుకు మూట మోసుకుంటూ నడిచిన ఆ అవ్వను ఒక్కసారి తలుచుకోండి. అంతకంటే మిమ్మల్ని ఏమీ అడగను.